బొందు లోపలికి పోయిందా? ఎక్కించడం, మార్చడం ఎలా

యానాం వైపు దీన్ని బొందు అంటారు. తమిళనాడు కొట్లో నాడా అని అడగాలి. కర్ణాటకలో లాడి, మహారాష్ట్రలో నాడీ. షోలాపూర్‌కు కొత్తగా కాపురానికి వెళ్లిన తెలుగు పిల్లకు నాడీ అంటే వైద్యుడు పట్టి చూసేదే గుర్తుకొస్తుంది. పేరు ఏదైనా లంగాకు, పైజామాకు, సల్వారుకు, నిక్కరుకు పని చేసేది ఒకటే. అది ఊడిపోయేదీ సరిగ్గా తొందరలో ఉన్నప్పుడే.

ఒక కొస మాత్రమే లోపలికి పోతే బొందంతా బయటికి లాగేయకండి. నడుము పట్టీని వేళ్లతో తడిమితే కొస ఎక్కడుందో తెలుస్తుంది. దాన్ని బట్ట మీద నుంచే ఒక చేత్తో గట్టిగా పట్టుకుని, రెండో చేత్తో పట్టీని కుచ్చుగా వెనక్కి నెట్టండి. కొసను వదిలి ముందుకు జరిపి మళ్లీ పట్టుకోండి. గొంగళి పురుగు నడకలా నాలుగైదు సార్లు చేస్తే కొస కన్నం దగ్గరికి వస్తుంది.

బొందు పాతబడి చీకిపోయింది, కానీ ఇంకా పట్టీలోనే ఉంది అనుకోండి. మార్చడానికి అంతకన్నా మంచి సమయం లేదు. కొత్త బొందు కొసను పాతదాని కొస మీద అంగుళం మేర పరిచి, సూదితో నాలుగు కుట్లు వేయండి. ముడి వేయకూడదు, అది కుట్టు దగ్గర తట్టుకుంటుంది. పాతదాని రెండో కొస పట్టుకుని మెల్లగా లాగితే కొత్తది దాని వెంటే వస్తుంది. చాలామంది పాతది పీకేసిన తర్వాతే పిన్నీసు వెతుక్కుంటారు.

పూర్తిగా ఊడిపోతే మాత్రం పిన్నీసే గతి. బొందు కొసను రెండు మడతలు పెట్టి, పట్టీలో దూరగలిగినంత పెద్ద పిన్నీసు గుచ్చి, మూసిన చోట దారం చుట్టండి. లోపల తెరుచుకుంటే బట్ట చిరుగుతుంది, వేలికీ గుచ్చుకుంటుంది. అలా తెరుచుకుందని తెలిస్తే లాగకుండా, పైనుంచి తడిమి బట్ట మీదుగానే నొక్కి మూయండి. మూసుకోకపోతే అక్కడ రెండు కుట్లు విప్పి తీయడమే మేలు. రెండో కొసను ముందే మరో పిన్నీసుతో బట్టకు గుచ్చి ఉంచండి, లేకపోతే చివరిదాకా వచ్చాక అదీ లోపలికి పోతుంది. పక్క కుట్టు దగ్గర లోపలి మడత అడ్డుపడుతుంది. పిన్నీసును పై బట్ట వైపు ఆనించి నెడితే దాటుతుంది. పిన్నీసు లేని చోట, పిడి చివర రంధ్రమున్న పాత టూత్ బ్రష్ కూడా పనికొస్తుంది.

పొడవుకు పాత కొలతే చాలు. పట్టీని పూర్తిగా సాగదీసి చుట్టుకొలత తీసుకుని, దానికి ఒక మూర కలపండి, అంటే అటు జాన, ఇటు జాన. పట్టీ 40 అంగుళాలైతే బొందు 58 అంగుళాలు. ఎక్కించాక రెండు కొసలూ సమంగా ఉంచి, కన్నానికి సరిగ్గా ఎదురుగా పట్టీతో కలిపి నిలువుగా నాలుగు కుట్లు వేస్తే ఇక ఊడదు. నూలు బొందును ముందే ఓసారి ఉతికి ఆరబెట్టండి. కుంచించుకుపోయేది అప్పుడే పోతుంది, ఎర్రది రంగు వదులుతుందేమో కూడా తేలిపోతుంది. కొసలు పీచు రాకుండా నూలుదైతే మడిచి కుట్టాలి. నైలాన్‌దైతే కొవ్వొత్తి మంటకు చూపిస్తే అంటుకుంటుంది. వేడిగా ఉన్నప్పుడు తాకకండి.

ఏ బొందు కొనాలన్న మాట మాత్రం తేలిగ్గా తీసుకోకండి. మహారాష్ట్రలోని వార్ధా వైద్యులు పాలుపంచుకున్న ఒక పత్రం 2024 నవంబరులో బీఎంజే కేస్ రిపోర్ట్స్‌లో వచ్చింది. లంగాను ఏళ్ల తరబడి నడుముకు బిగించి కట్టుకున్న 70 ఏళ్ల మహిళకు పక్కన పుండు పడి, 18 నెలలైనా మానలేదు. పరీక్షిస్తే అది చర్మ క్యాన్సర్ అని తేలింది. ఇది చాలా అరుదు, భయపడి చీర మానేయాల్సిన పని లేదు. అయితే రోజూ ఒకే చోట ఒరుసుకుంటూ, చెమట పట్టే గీత మీద చర్మం నల్లబడటం, దురద పెట్టడం మన ఇళ్లలో ఎంతమందికి లేదు? సన్నని గుండ్రటి తాడు కోసుకున్నట్టు ఒత్తుతుంది. వెడల్పాటి చదును బొందు ఆ ఒత్తిడిని పంచుతుంది. రెండు వేళ్లు దూరేంత వదులుగా కట్టుకోవడం, ఇంట్లో ఉన్నప్పుడు ఇంకా సడలించడం, కట్టే చోటు కాస్త పైకో కిందికో మార్చడం మంచిది. మానని పుండు ఉంటే పసుపు రాసి ఊరుకోకుండా చర్మ వైద్యుడికి చూపించాలి. అమ్మలు, అమ్మమ్మలు ఈ మాట తమంతట తాము చెప్పరు, మనమే అడగాలి.

పసిపిల్లల బట్టలకు మెడ దగ్గర, టోపీ దగ్గర తాడు ఊడితే మళ్లీ ఎక్కించకండి. ఆటలో ఎక్కడైనా చిక్కుకుంటే మెడకు ఉరి పడుతుంది. ఐరోపాకు పంపే బట్టల్లో ఏడేళ్లలోపు పిల్లలకు ఆ చోట్ల తాళ్లు ఉండకూడదన్న ప్రమాణం ఉంది. తిరుప్పూరులో ఎగుమతి బట్టలు కుట్టేవారికి ఇది తెలిసిన సంగతే. అక్కడ ఒక గుండీ కుట్టేస్తే సరిపోతుంది.