సముద్రం అవతలి తెలుగు గొంతు

మొన్న మా మనవడు "తాతయ్యా, మీ కాలంలో ఆర్జేలు ఉండేవారా?" అని అడిగాడు. ఎందుకు లేరు నాయనా! మా తరానికి ఆ పేరు మీనాక్షి పొన్నుదురై. రేడియో సిలోన్ తెలుగు వ్యాఖ్యాత.

కథ కాస్త వెనక నుంచి చెప్పాలి. కొలంబోలో రేడియో 1925లోనే మొదలైంది. రెండో ప్రపంచ యుద్ధంలో బ్రిటిషువారు తమ సైనికుల కోసం అక్కడ పెద్ద షార్ట్‌వేవ్ ట్రాన్స్‌మిటర్ పెట్టారు. యుద్ధం అయ్యాక అది సిలోన్ ప్రభుత్వం చేతికొచ్చింది. 1950లో వాణిజ్య ప్రసారాలు మొదలుపెట్టారు. ఇక్కడేమో 1952లో మంత్రి అయిన కేస్కర్ గారికి సినిమా పాట గిట్టలేదు. ఆకాశవాణిలో పాటలు కరువయ్యాయి. జనం ముల్లు సిలోన్ వైపు తిప్పేశారు. ఆ పోటీ తట్టుకోలేకే 1957 అక్టోబరు 3న వివిధ భారతి పెట్టారు.

కేస్కర్ గారు మంత్రి అయ్యేనాటికి మన యానాం ఇంకా ఫ్రెంచివారి కిందే ఉంది. 1954 నవంబరు 1న గానీ పాలన భారత్ చేతికి రాలేదు. పాటకు ఆ హద్దులేవీ పట్టలేదు.

షార్ట్‌వేవ్ తరంగం పైన ఆకాశపు పొరకు తగిలి కిందికొస్తుంది. అందుకే అంత దూరం అందేది. అందుకే గౌతమికి పోటూ పాటూ వచ్చినట్టు శబ్దం పెరిగేది, తగ్గేది. ఆ గరగరలోంచే మీనాక్షి గారు సినిమా పేరు, పాడినవారి పేరు చెబుతుంటే ఇంట్లో అందరం మాటలాపి వినేవాళ్లం.

మేము తమిళ బడిలో చదివాం. తోటి పిల్లలు అదే స్టేషన్‌లోని తమిళ వ్యాఖ్యాత మయిల్‌వాగనం గారి గొప్పలు చెబితే, మేము మీనాక్షి గారి పేరు ఎత్తేవాళ్లం. "పొన్నుదురై అంటే మా పేరే కదా" అని వాళ్లు, "మాట మాది కదా" అని మేము! ఇప్పుడు తలచుకుంటే ఇద్దరిదీ నిజమే. పుదుచ్చేరి పాలనలో తెలుగు మాట్లాడే యానాం వాళ్లకు ఇది వేరే చెప్పాలా? భాష ఏ సర్కారు గీతనూ అడిగి నడవదు.

మా బాధ ఒక్కటే. ఆ పాటలన్నీ ఇవాళ ఫోన్‌లో దొరుకుతాయి. పాటకీ పాటకీ మధ్య ఆవిడ పలికిన మాటలు గాలిలో వచ్చి గాలిలో పోయాయి. అవి ఇంకా ఉన్నది మన పెద్దల చెవుల్లోనే. వచ్చే సమావేశానికి మీ ఇంటి పెద్దవాళ్లను తీసుకురండి. ఏ వేళ విన్నారో, ఎవరింటి అరుగు మీద విన్నారో, ఏ పాటకు ఏమన్నారో చెప్పించండి. నోటుబుక్కు మేము తెస్తాం. మన పేటకూ ఒక రేడియో చరిత్ర ఉంది. వాళ్లుండగానే రాసుకుందాం.