నరం కాదు, ధమనిక

రెండేళ్ళ క్రితం అమ్మ మా ఊళ్ళో కళ్ళ పరీక్షకి వెళ్ళింది, కళ్ళజోడు మార్చుకుందామని. కంట్లో చుక్కలు వేసి, గంటసేపు కూచోబెట్టి, లైటు వేసి లోపలంతా చూశారట. బయటికొస్తుంటే అక్కడి కుర్రాడు కాగితం చేతికిచ్చి, "కంట్లో నరాలు సన్నబడ్డాయమ్మా, ఓసారి బీపీ డాక్టరుకి చూపించుకోండి" అన్నాడట. కాగితం మీద ఇంగ్లీషులో రాసున్నవి మూడే ముక్కలు: జనరలైజ్డ్ ఆర్టీరియోలార్ నారోయింగ్.

అమ్మకి ఆ ఇంగ్లీషుతో పనిలేదు. నరాలు సన్నబడ్డాయంటే నరాల బలహీనత, నరాల బలహీనతంటే బీకాంప్లెక్సు. గోడల మీద ప్రకటనలు చూస్తూ పెరిగిన ఎవరికైనా ఈ లెక్క తేలిగ్గానే అందుతుంది. మందుల షాపులో అడిగి తెచ్చుకుని ఎనిమిది నెలలు శ్రద్ధగా వేసుకుంది. అంతకుముందే రాసిచ్చిన బీపీ మాత్రని మాత్రం, "తలనొప్పి లేదు, కళ్ళు తిరగడం లేదు, దండగ" అని మానేసింది. ఆ తర్వాత కాళ్ళ వాపులు, రక్తపరీక్ష, ఉండాల్సినదానికంటే బాగా పెరిగిన క్రియాటినిన్. కిడ్నీల డాక్టరు పాత కాగితం తిరగేసి, "ఇది అప్పుడే చెప్పారు కదమ్మా" అన్నాడు.

"నరాలన్నారండీ," అంది అమ్మ.

నాకు కోపం ఎవరి మీద తెచ్చుకోవాలో తెలియలేదు. ఆ కుర్రాడి మీదా? ఆయన స్థానంలో నేనుంటే ఏమనేదాన్ని? ఆ ఇంగ్లీషు మాటకి తెలుగు మాట నాకు తెలుసు. పదో తరగతి జీవశాస్త్రంలో బట్టీపట్టాను: ధమనిక. పరీక్ష రాసొచ్చాక ఆ మాటని ఏ మనిషితోనూ, ఏ వాక్యంలోనూ వాడిన పాపాన పోలేదు. ఆ మాట వెంట పడదామని అప్పుడే అనిపించింది.

ముందు 'నరం' సంగతి. సెలైన్ పెట్టడానికొచ్చిన నర్సు "నరం దొరకట్లేదు" అంటుంది. అక్కడ నరమంటే సిర. మెడ పట్టేస్తే "నరం పట్టేసింది" అంటాం. అక్కడ బాధంతా చాలాసార్లు కండరానిది. చెయ్యి తిమ్మిరెక్కితే "నరం నొక్కుకుంది" అంటాం. ఇక్కడ మాత్రం నిజంగా నర్వే. తమిళంలో 'నరంబు' కూడా ఇలాంటిదే, పైగా వాళ్ళకది యాళ్ తీగ కూడా. గ్రీకు 'న్యూరాన్' కథా అంతే. అది మొదట కండరాన్ని ఎముకకి కట్టే నార, తాడు. మెదడు నుంచి వచ్చే తంతువులకి ఆ పేరు స్థిరపడింది తర్వాత. ఒంట్లో పొడుగ్గా, తీగలా కనిపించిన ప్రతిదాన్నీ ఒకే మాటతో పిలవడం మా అమ్మతో మొదలవ్వలేదన్నమాట.

ఇక 'ధమని'. దీనికి మూలం 'ధ్మా' ధాతువు. ఊదడం అని అర్థం. గీత మొదటి అధ్యాయంలో శంఖాలు ఊదే చోట వచ్చే 'దధ్మౌ' అనే క్రియ కూడా దీన్నుంచి వచ్చిందే. చరకసంహిత ఈ వ్యుత్పత్తినే చెబుతుంది: ఊదినట్టు నిండేవి ధమనులు, స్రవించేవి స్రోతస్సులు, సాగిపోయేవి సిరలు. సుశ్రుతుడు శారీరస్థానంలో 24 ధమనులు లెక్కపెట్టాడు. నాభి నుంచి పైకి పది, కిందికి పది, అడ్డంగా నాలుగు. పైకెళ్ళేవి శబ్దాన్నీ వాసననీ ఊపిరినీ కూడా మోస్తాయన్నాడు. సిరలూ ధమనులూ స్రోతస్సులూ ఒకటేనని అప్పట్లోనే కొందరు అంటుంటే, కాదు వేరని వాదించాడు కూడా. అంటే ఆయన ధమనీ మన పాఠ్యపుస్తకంలోని ధమనీ ఒకటి కావు. పాత మాటని తీసుకుని కొత్త అర్థాన్ని అందులో పోసింది ఆధునిక కాలంలో పరిభాష తయారుచేసినవాళ్ళు.

చిత్రమేంటంటే, ఇంగ్లీషు మాట కూడా గాలి దగ్గరే పుట్టింది. గ్రీకులో 'ఆర్టీరియా' అంటే మొదట శ్వాసనాళం. తర్వాత దాన్ని 'గరుకు ఆర్టీరియా' అనడం మొదలుపెట్టారు. ఆ 'గరుకు' అనే విశేషణమే ఇవాళ్టి 'ట్రేకియా'. చనిపోయిన జంతువుని కోస్తే సిరల్లో రక్తం కనిపిస్తుంది, ధమనులు మాత్రం దాదాపు ఖాళీగా ఉంటాయి. అందుకే క్రీస్తుపూర్వం నాలుగో శతాబ్దంలో కాస్ ద్వీపానికి చెందిన ప్రాక్సాగోరస్, వీటిలో తిరిగేది ప్రాణవాయువులాంటి 'న్యూమా' అన్నాడు. తరువాత ఎరసిస్ట్రాటస్ కూడా ఆ మాటే పట్టుకున్నాడు. మరి బతికున్న మనిషికి ధమని తెగితే రక్తమెందుకు చిమ్ముతుంది? న్యూమా తప్పించుకుపోగానే ఖాళీ అయిన చోటికి పక్కనున్న సిరల్లోంచి రక్తం దూరుకొస్తుందని ఆయన సమాధానం. దాన్ని దెబ్బకొట్టడానికి నాలుగైదు వందల ఏళ్ళు పట్టింది. క్రీస్తుశకం రెండో శతాబ్దంలో గాలెన్ బతికున్న జంతువు ధమనిని రెండు చోట్ల దారంతో బిగించి, మధ్యలో కోసి చూపించాడు. లోపలున్నది రక్తమే. సిద్ధాంతం పోయింది గానీ పేరు మాత్రం మారలేదు.

1628లో విలియం హార్వే రక్తం గుండె నుంచి ధమనుల్లోకి, సిరల ద్వారా మళ్ళీ గుండెకీ తిరుగుతుందని నిరూపించాడు. లెక్క సరిపోయింది, కానీ ధమని చివరికీ సిర మొదలుకీ మధ్య దారేమిటో ఆయన కంటికి కనపడలేదు. మాంసంలో సన్నటి రంధ్రాలేవో ఉండాలని అనుకున్నాడు. 1657లో చనిపోయాడు. నాలుగేళ్ళకి, 1661లో, ఇటలీలో మార్చెల్లో మాల్పీఘీ సూక్ష్మదర్శినిలో కప్ప ఊపిరితిత్తిని చూస్తూ ఆ దారి కనుక్కున్నాడు. అవే కేశనాళికలు.

పెద్దవి తెలిశాయి, మరీ సన్నవి తెలిశాయి. మధ్యలో ఉన్నదాని గురించి ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. లాటిన్‌లో మాట చివర 'ఓలా' చేరిస్తే చిన్నదని అర్థం. ఆర్టీరియా నుంచి ఆర్టీరియోలా, అందులోంచి ఆర్టీరియోల్. మనవాళ్ళు అదే పద్ధతిలో ధమనికి 'క' చేర్చి ధమనిక అన్నారు. సాహిత్యం చదివేవాళ్ళకి ఇది కొత్త కాదు. కథకి కథానిక, నాటకానికి నాటిక. అయితే కథానిక అంటే పొట్టి కథ మాత్రమే కాదని, దానికి వేరే స్వభావం ఉందని మనం ఎన్నేళ్ళుగా వాదించుకుంటున్నాం! ధమనిక విషయంలోనూ సరిగ్గా అదే జరిగింది.

ధమనిక వ్యాసం మిల్లీమీటరులో పదో వంతు కన్నా తక్కువ, అటూ ఇటూగా తలవెంట్రుకంత. కానీ తేడా సైజులోనే లేదు. గుండె దగ్గరి పెద్ద ధమనుల గోడలు సాగే గుణంతో ఉంటాయి. ధమనిక గోడలో ఎక్కువ భాగం కండరమే. 1840 ప్రాంతంలో యాకోబ్ హెన్లే సన్న ధమనుల గోడల్లో కండర కణాలున్నాయని చూపించాడు. కండరం ఉందంటే బిగుసుకోగలదు, వదులవ్వగలదు. 1851లో క్లోద్ బెర్నార్ కుందేలు మెడలో ఒక నరాన్ని తెంపితే ఆ పక్క చెవి వెచ్చబడింది. మరుసటి ఏడాది బ్రౌన్-సెకార్ అదే నరానికి విద్యుత్తు తగిలిస్తే చెవి పాలిపోయి చల్లబడింది. తెంపితే నాళాలు వదులవుతున్నాయి, ప్రేరేపిస్తే బిగుసుకుంటున్నాయి. ఇక్కడ మా అమ్మ మాటకి కాస్త న్యాయం చెయ్యాలి. నరానికీ ధమనికకీ సంబంధం లేకపోలేదు. నరం ఆజ్ఞ ఇస్తుంది, ధమనిక అమలు చేస్తుంది. కాకపోతే కాగితం మీద రాసింది అమలు చేసేదాని గురించి.

ఆ కాస్త బిగువుకి ఎంత బలముందో చెప్పినవాడు ఫ్రెంచి వైద్యుడు ప్వాజాయ్. 1828లో ఆయన పాదరసపు గొట్టంతో రక్తపీడనం కొలిచి చూస్తే, పెద్ద ధమనిలోనూ చిన్న ధమనిలోనూ దాదాపు ఒకటే వచ్చింది. మరి పీడనం పడిపోయేది ఎక్కడ? 1840ల్లో ఆయన గాజుగొట్టాలతో తేల్చిన సూత్రం ప్రకారం, మిగతావన్నీ అలాగే ఉండి గొట్టం వ్యాసార్ధం సగానికి తగ్గితే, ప్రవాహం సగం కాదు, పదహారో వంతు అవుతుంది. ధమనుల్లో 90 మిల్లీమీటర్ల దగ్గరుండే సగటు పీడనం ధమనికలు దాటేసరికి 30-35కి దిగుతుంది. బీపీ అని మనం కొలిచే అంకెని గుండెతో పాటు నిర్ణయించేది ఈ వెంట్రుకంత గొట్టాలే.

ఒళ్ళు కొయ్యకుండా వాటిని నేరుగా చూడగలిగే చోటు కన్ను. 1851లో హెల్మ్‌హోల్ట్జ్ ఆఫ్తాల్మోస్కోపుని లోకానికి పరిచయం చేశాక అది సాధ్యమైంది. బీపీ ముదిరినవాళ్ళ రెటీనాలో ధమనికలు మొదట సన్నబడి, గోడలు మందమయ్యేకొద్దీ రాగితీగల్లా, తర్వాత వెండితీగల్లా మెరుస్తాయని కంటి వైద్యులు రాశారు. 1939లో కీత్, వాగెనర్, బార్కర్ అనే ముగ్గురు అమెరికన్ వైద్యులు రెటీనాని బట్టి బీపీ రోగులని నాలుగు గుంపులు చేశారు. మూడేళ్ళ తర్వాత మొదటి గుంపులో 70 శాతం మంది బతికున్నారు, నాలుగో గుంపులో 6 శాతం. అప్పటికి సరైన మందుల్లేవు. అమ్మకి మందు ఉంది, డబ్బాలో.

కంట్లో కనిపించింది కిడ్నీలోనూ జరుగుతుంటుంది. పదో తరగతి బొమ్మ గుర్తు తెచ్చుకోండి. కేశనాళికాగుచ్ఛంలోకి వచ్చేది అభివాహి ధమనిక, బయటికి పోయేది అపవాహి ధమనిక, రెండోది మొదటిదానికంటే సన్నం. ఆ తేడా వల్లే లోపల ఒత్తిడి పుట్టి రక్తం వడకట్టబడుతుంది. ఏళ్ళ తరబడి బీపీకి అభివాహి గోడ మందమై దారి మూసుకుపోతే, వడపోత తగ్గుతుంది. రెండు మార్కుల ప్రశ్నగా నేను రాసింది ఇదే.

ఇదంతా అమ్మకి ఎలా చెప్పాలి? ధమనిక అంటే మళ్ళీ నరమనే అనుకుంటుంది. చివరికి కాలవల మీదికి వెళ్ళాను. అమ్మ పుట్టిల్లు కృష్ణా డెల్టాలో. పెద్ద కాలవ, పిల్ల కాలవ, బోదె, తూము, ఇవన్నీ నాకన్నా తనకే బాగా తెలుసు. "నీ ఒంట్లో తూములన్నీ సగం దించేసి ఉన్నాయమ్మా. చేలకి నీళ్ళు అందట్లేదు, కాలవ గట్టు మీద ఒత్తిడి పెరుగుతోంది. బీపీ మాత్ర ఆ తూము తలుపు ఎత్తడానికి," అన్నాను. చాలాసేపు ఏమీ అనలేదు. "కట్ట తెగేదాకా తెలీదు కదే," అంది.

మర్నాటి నుంచి మాత్ర మానలేదు. క్రియాటినిన్ అక్కడే ఆగింది, వెనక్కి మాత్రం రాలేదు. రాదని డాక్టరు ముందే చెప్పాడు. మొన్న ఫోనులో ఉన్నట్టుండి అడిగింది: "అవునే, తూములని అప్పుడే చెప్తే అర్థమయ్యేది కదా. ఎవరూ చెప్పలేదే?"

పదో తరగతి నుంచీ మాట తెలిసిన నేను, ఏం చెప్పాలో తెలియక, "మాత్ర వేసుకున్నావా?" అన్నాను.