కనురెప్ప పొడి చర్మం - వ్యాధి సంకేతాలు

కనురెప్ప పొడి చర్మం అనగా కంటి రెప్పపై చర్మం తేమను కోల్పోయి, గరుకుగా మారి, సన్నని పొట్టుగా రాలే స్థితి. దీనిని వైద్య పరిభాషలో కనురెప్ప జీరోడెర్మా అంటారు. గ్రీకు భాషలో జీరోస్ అనగా పొడి, డెర్మా అనగా చర్మం. అంతర్జాతీయ వ్యాధుల వర్గీకరణ (ఐసిడి) పదవ కూర్పులో ఇది హెచ్01.1 అనే సంకేతం కిందకు వస్తుంది. ఇది చిన్న వ్యాధియే అయినప్పటికీ, పేరులో దీనిని పోలిన వ్యాధులలో చూపును పోగొట్టేవి కూడా ఉన్నందున సంకేతాన్ని సరిగా వ్రాయడం ముఖ్యం.

లక్షణాలు, కారణాలు

శరీరంలో కనురెప్పల చర్మం అన్నింటికంటే పలుచనిది. దీని మందం సుమారు అర మిల్లీమీటరు. అందువలన చలిగాలి, సబ్బు, ధూళి, సౌందర్య సాధనాల ప్రభావం దీనిపై త్వరగా కనిపిస్తుంది. దురద, బిగుతు, పొట్టు రాలడం, సన్నని పగుళ్ళు ముఖ్య లక్షణాలు. వయసు పైబడిన వారిలోను, చలికాలంలోను ఇది ఎక్కువ. కాటుక, జుట్టు రంగు, కంటి చుక్కల మందులు సరిపడక కూడా రెప్పలు పొట్టు రాలవచ్చును. పొలం గట్లపై పెరిగే వయ్యారిభామ మొక్క రేణువులు గాలిలో ఎగిరి ముఖం, మెడ, కనురెప్పలపై చర్మశోథ కలిగిస్తాయి. ఇటువంటివి వట్టి పొడిదనం కావు కనుక వాటికి వేరే సంకేతం వర్తిస్తుంది.

సంకేతాల వివరణ

ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రచురించిన ఐసిడి-10 లో హెచ్01.1 అనగా అంటువ్యాధి కాని కనురెప్ప చర్మవ్యాధులు. సరిపడని పదార్థాల వలన వచ్చే చర్మశోథ, తామర, డిస్కాయిడ్ లూపస్, పొడి చర్మం అన్నీ ఇందులోనే ఇమిడి ఉన్నాయి. అమెరికాలో వాడుకలో ఉన్న ఐసిడి-10-సిఎం దీనిని ఇంకా విభజించి, పొడి చర్మానికి హెచ్01.14 కేటాయించినది. ఆరవ అంకె ఏ రెప్పయో తెలుపుతుంది.

* హెచ్01.141 - కుడి కన్ను, పై రెప్ప
* హెచ్01.142 - కుడి కన్ను, కింది రెప్ప
* హెచ్01.143 - కుడి కన్ను, ఏ రెప్పయో తెలుపనిది
* హెచ్01.144 - ఎడమ కన్ను, పై రెప్ప
* హెచ్01.145 - ఎడమ కన్ను, కింది రెప్ప
* హెచ్01.146 - ఎడమ కన్ను, ఏ రెప్పయో తెలుపనిది
* హెచ్01.149 - ఏ కన్నో, ఏ రెప్పయో తెలుపనిది

రెండు కళ్ళకూ కలిపి ఒకే సంకేతం ఇందులో లేదు. రెండు పై రెప్పలకూ వ్యాధి ఉన్నచో హెచ్01.141, హెచ్01.144 రెండూ వ్రాయాలి. వైద్యుడు వ్రాయని వివరాన్ని సంకేతకర్త ఊహించి చేర్చరాదు.

పొరబడే అవకాశమున్న సంకేతాలు

తెలుగులో "కన్ను పొడిబారింది" అను మాటను రోగులు పలు అర్థాలలో వాడుతారు. కన్నీరు తగ్గి కన్ను మండడం వేరు, రెప్ప చర్మం పొట్టు రాలడం వేరు, విటమిన్ ఎ లోపం వలన కంటి తెల్లగుడ్డు మెరుపు తగ్గడం వేరు. వీటి సంకేతాలు ఇవి.

* హెచ్04.12 - కన్నీటి లోపం వలన కన్ను పొడిబారడం (ఐసిడి-10-సిఎం)
* హెచ్01.11 - సరిపడని పదార్థాల వలన కలిగే కనురెప్ప చర్మశోథ (ఐసిడి-10-సిఎం)
* ఎల్85.3 - సాధారణ పొడి చర్మం
* క్యూ82.1 - జీరోడెర్మా పిగ్మెంటోజమ్ అనే జన్యు సంబంధ వ్యాధి
* ఇ50.0 నుండి ఇ50.7 వరకు - విటమిన్ ఎ లోపం వలన కలిగే కంటి వ్యాధులు. వీటిలో ఇ50.5 రేచీకటి
* ఇ50.8 - విటమిన్ ఎ లోపం వలన కలిగే పొడి చర్మం మొదలైనవి

చివరి రెండింటి విషయంలో పొరపాటు ప్రమాదకరం. రేచీకటి ఉన్న పిల్లవానికి రెప్పల పొడి చర్మమని వ్రాసి పంపినచో పైపూత మందుతో సరిపెట్టే అవకాశమున్నది. చికిత్స ఆలస్యమైతే నల్లగుడ్డు మెత్తబడి చూపు శాశ్వతంగా పోవచ్చును. అంతేగాక ఆ కేసు పోషకాహార లోపాల లెక్కలోనికి రాదు. ఈ లోపంపై హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ చేసిన పరిశోధనలు 1970లో ప్రారంభమైన జాతీయ విటమిన్ ఎ పంపిణీ కార్యక్రమానికి ఆధారమైనవి.

చరిత్ర

మరణ కారణాల అంతర్జాతీయ జాబితాను ఫ్రెంచి గణాంక శాస్త్రవేత్త జాక్ బెర్టియాన్ 1893లో షికాగోలో సమర్పించెను. 1948 నాటి ఆరవ కూర్పు నుండి ప్రపంచ ఆరోగ్య సంస్థ దీని బాధ్యత వహిస్తున్నది. పదవ కూర్పు 1990లో ఆమోదం పొందినది. అమెరికాలో 2015 అక్టోబరు 1 వరకు ఐసిడి-9-సిఎం వాడుకలో ఉండెను. అందులో కనురెప్ప పొడి చర్మం సంకేతం 373.33. దానిలో కుడి, ఎడమ తేడా లేదు. పదకొండవ కూర్పు 2019లో ఆమోదించబడి 2022 జనవరి 1 నుండి అమలులోనికి వచ్చినది.

తెలుగునాట

భారతదేశంలో ఐసిడి వాడకానికి శిక్షణనిచ్చే సంస్థలలో కేంద్ర ఆరోగ్య సమాచార విభాగం ముఖ్యమైనది. అమెరికా ఆసుపత్రుల వైద్య పత్రాలకు సంకేతాలు వ్రాసే సంస్థలు హైదరాబాదులో అనేకం ఉన్నాయి. జీవశాస్త్రం, ఫార్మసీ చదివిన యువతీ యువకులు ఈ వృత్తిలో స్థిరపడుతున్నారు. ఆరోగ్యశ్రీ పథకంలో చికిత్సలకు ఇచ్చే ప్యాకేజీ సంకేతాలు వేరు. వాటిని వ్యాధి సంకేతాలతో కలపరాదు.

మహబూబాబాదు జిల్లాలోని దంతాలపల్లి వంటి మండల కేంద్రం నుండి వరంగల్లు కంటి ఆసుపత్రికి వెళ్ళే రోగి చేతిలో ఉండేది చీటీ మాత్రమే. అందులో ఏ కన్ను, ఏ రెప్ప, ఎన్నాళ్ళ నుండి, రేచీకటి ఉన్నదా లేదా అన్న నాలుగు విషయాలు ఉన్నచో తరువాతి వైద్యునికి చీటీ అర్థమగును, సంకేతమూ సరిగా పడును.

చికిత్స

కారణమైన వస్తువును మానడం మొదటి చికిత్స. వాసన కలపని పెట్రోలియం జెల్లీని పలుచగా పూయవచ్చును. స్టెరాయిడ్ లేపనాలను వైద్యుని సలహా లేకుండా కనురెప్పలపై వాడరాదు. ఎక్కువ కాలం వాడినచో కంటి పీడనం పెరుగుట, శుక్లాలు ఏర్పడుట సంభవించవచ్చును. పొట్టు రాలడం తగ్గకున్నా, ఒకే చోట పుండు గాని గడ్డ గాని నిలిచి ఉన్నా, కంటి వైద్యునికి చూపించాలి.