డీన్ ప్రయర్ దేవాలయమున హెరిక్ కవి స్మారకఫలకము

శాసనములను బరిశోధించువారు వానియందుఁ జెప్పఁబడిన దానినే కాక విడువఁబడిన దానినిఁ గూడ విచారింపవలయును. ఇంగ్లండునందలి యొక పల్లెటూరి క్రైస్తవదేవాలయములోని ఫలకము దీనికిఁ జక్కని యుదాహరణము.

డెవన్ మండలమున, డార్ట్‌మూర్ మిట్టల యంచున, డీన్ ప్రయర్ అను గ్రామము గలదు. అందలి దేవాలయార్చకుఁడై యుండిన రాబర్ట్ హెరిక్ కవికి 1857లో నీ ఫలకము నిలుపఁబడినది. నిలిపినవాఁడు లెస్టర్ మండలమున బోమానర్ ప్రభువగు విలియం పెర్రీ హెరిక్, కవికి జ్ఞాతి. కవి లెస్టర్ మండలపుఁ బ్రాచీనవంశజుఁ డనియు, 1591లో జన్మించె ననియు, కేంబ్రిడ్జిలోఁ జదివె ననియు, 1629లో మొదటి చార్లెస్ రాజువలన నీ యర్చకత్వమును బడసె ననియు, కామన్వెల్తు కాలమునఁ దొలఁగింపఁబడె ననియు నందున్నది. ఈ కడపటి మాట సరి కాదు. అతఁడు తొలఁగింపఁబడినది 1647లో. కామన్వెల్తు స్థాపితమైనది 1649లో. మరలఁ బ్రవేశించినది 1662లో. కవి 1674 అక్టోబరు 15వ తేదీని ఖననము చేయఁబడెను. ఫలకము 183 ఏండ్లకుఁ బిమ్మటిది. సమాధికి గుర్తు లేదు.

వంశలాంఛన మిట్టిది: వెండివన్నె డాలు, నడుమ నడ్డపట్టె, అందు బంగారు, నెఱుపు వన్నెల "వేర్" అను చిత్తరువు. వేర్ అనఁగా నుడుతచర్మముల కూర్పును బోలిన యాకృతి. చిత్రవర్ణార్థకమగు లాటిన్ "వారియుస్" శబ్దభవము. పైని గులాబిమాల దాల్చిన వృషభశిరస్సు. వంశవాక్యము "విర్తూస్ ఓమ్నియా నోబిలితాత్". సద్గుణము సర్వమును శ్రేష్ఠ మొనర్చు నని భావము. "విర్తూస్" పదమునకు మూలమైన "విర్" మన వీరశబ్దమునకు సగోత్రము, "నోబిలితాత్" నామధాతువు. మన తూర్పుచాళుక్యుల తామ్రశాసనముద్రలందు వరాహమును, "శ్రీ త్రిభువనాంకుశ" యను బిరుదమును రాజచిహ్నములు. ఇంగ్లండునం దట్టి లాంఛనములు గృహస్థవంశములకును బరంపరగా సంక్రమించును.

ఫలకము చెప్పనిది కవి తండ్రి కథ. నికొలస్ హెరిక్ లండను నగరమున స్వర్ణకారుఁడు. 1592 నవంబరున మరణశాసనము వ్రాసిన రెండుదినములకే మేడకిటికీనుండి పడి మృతుఁడయ్యెను. ఆత్మహత్య యని శంక పొడమెను. ఆత్మహంత సొత్తు రాజాధీనమగుట నాఁటి ధర్మము. రాణిగారి దానాధికారియగు బ్రిస్టలు బిషప్పు తన హక్కును విడిచెను. అప్పటికి శిశువునకుఁ బదునేను నెలలు. 1607లో నతఁడు రాజుగారి రత్నకారుఁడగు పినతండ్రి సర్ విలియం కడఁ బనినేర్వఁ జేరెను. బోమానర్ శాఖ యీ పినతండ్రిదే. కవికి వివాహము లేదు, సంతతి లేదు.

1648 నాఁటి "హెస్పెరిడీస్" గ్రంథమునఁ దండ్రి నుద్దేశించిన పద్య మొకటి గలదు. అస్థు లెచ్చట నున్నవో యెఱుఁగక ముప్పదియైదేండ్లు కర్మ చేయనైతి నని క్షమ వేఁడి, యిప్పుడు తెలిసె నని కవి సమాధికడ దళము లర్పించును. నీ విచ్చిన నశ్వరజీవమునకుఁ బ్రతిగా నా కవితచే శాశ్వతజీవము నిత్తు ననును. మన శ్రాద్ధవిధి నెఱిఁగినవారి కీ దుఃఖము విప్పి చెప్పనక్కఱలేదు.

తండ్రి సమాధి నెఱుఁగక పెరిగిన కొడుకు సమాధియు నేఁ డజ్ఞాతము. జ్ఞాతులు పేర్కొన్నది ప్రాచీనవంశమును. కవి స్మరించినది తండ్రిని. ఇన్నూఱేండ్లకుఁ జేరువయైన పిమ్మట బోమానర్ వారు డెవన్ పల్లె నెఱుఁగుటకుఁ గారణ మా పద్యములే. కావున వంశవాక్యము నిచ్చట సార్థక మొనర్చినది డాలు కాదు, కవిత యని నా తలంపు.