తనఖా మొత్తం ఖరీదు: ద్విగుణ నియమం నుంచి నెలవారీ వాయిదా దాకా

వ్యాససంగ్రహం

తనఖా అప్పు ఖరీదును వడ్డీ రేటుతో కొలవడం మనకు అలవాటు. అప్పు తీరేనాటికి రుణగ్రస్తుడు చెల్లించిన మొత్తం మాత్రం రేటు కన్నా కాలం మీద ఎక్కువగా ఆధారపడుతుంది. ఆ మొత్తాన్ని ఎవరు లెక్క కట్టాలి, అది ఎక్కడ ఆగాలి అన్న ప్రశ్నకు ధర్మశాస్త్రం, వలస న్యాయస్థానాలు, మద్రాసు శాసనసభ, నేటి రిజర్వు బ్యాంకు ఇచ్చిన సమాధానాలను ఈ వ్యాసం పరిశీలిస్తుంది. ప్రధానంగా మద్రాసు రాష్ట్రంలోని తెలుగు జిల్లాలకు వర్తించిన చట్టాలను, నేటి గృహరుణాన్ని పక్కపక్కన ఉంచి చూస్తుంది.

కీలకపదాలు: తనఖా, ఫలభోగ్యం, క్షయాధి, ద్విగుణ నియమం, రుణ విమోచన, గృహరుణం, ఈఎంఐ

1. ఉపోద్ఘాతం

తెలుగు పల్లెల్లో వడ్డీని నేటికీ నెలకు నూటికి ఇన్ని రూపాయలని చెబుతారు. ‘రెండు రూపాయల వడ్డీ’ అంటే ఏడాదికి నూటికి 24. నూటికి రూపాయి దాటనిది ధర్మవడ్డీ. బ్యాంకు అదే సంగతిని ఏడాది లెక్కన ‘ఎనిమిదిన్నర శాతం’ అంటుంది. రెండు పద్ధతులూ చెప్పేది వేగాన్నే. అప్పు తీరేనాటికి ఇంటి నుంచి ఎంత సొమ్ము బయటికి పోతుందో రెండూ చెప్పవు. నాలుగు నెలల చేబదులుకు ఈ లోపం పెద్దది కాదు. పొలాన్నో ఇంటినో ఇరవై ముప్పై ఏళ్లకు కుదువ పెట్టినప్పుడు మాత్రం రేటు ఒక సంగతి, ఖరీదు మరొక సంగతి అవుతాయి.

మన వడ్డీవ్యాపార చరిత్ర రచనలో రేటుకు దక్కిన స్థానం కాలానికి దక్కలేదు. అధిక వడ్డీ గుంజిన షావుకారు అందరికీ తెలుసు. తక్కువ వడ్డీతో ఎక్కువ కాలం సాగిన అప్పు మీద మన దృష్టి అంతగా నిలవలేదు.

2. స్మృతులలో ఆధి, దాని హద్దు

యాజ్ఞవల్క్యస్మృతి కుదువ ఉన్న అప్పుకు నెలకు అసలులో ఎనభయ్యో వంతు వడ్డీ నిర్ణయించింది. అంటే నెలకు నూటికి రూపాయి పావలా, ఏడాదికి 15 శాతం. ఈ లెక్కన బారువడ్డీ 80 నెలలలో, అనగా ఆరేళ్ల ఎనిమిది నెలలలో, అసలుకు సమానమవుతుంది. స్మృతికర్త దృష్టి అక్కడ రేటు నుంచి మొత్తం మీదికి మళ్లుతుంది. ధనరుణంలో బాకీ రెట్టింపును మించి పెరగరాదన్నది మనుస్మృతి మొదలుకొని స్థిరపడిన నియమం.

తనఖా విషయంలో యాజ్ఞవల్క్యుడు ఇంకా సూక్ష్మంగా ఆలోచించాడు. రుణదాత అనుభవించకుండా దాచి ఉంచే ఆధి, అప్పు రెట్టింపయ్యేనాటికి విడిపించకపోతే పోతుంది. ఫలాన్ని రుణదాత అనుభవించే ఆధి, అనగా ఫలభోగ్యం, మాత్రం ఎన్నటికీ నశించదు. మరొక సందర్భంలో, రెట్టింపయిన అప్పుకు ఆధిగా ఉన్న భూమి నుంచి ఆ రెట్టింపు ధనం ఫలరూపంలో రుణదాతకు ముట్టగానే భూమిని వదిలిపెట్టాలన్నాడు. దీనినే మితాక్షర క్షయాధి అంది. రుణగ్రస్తుడు చేతితో ఒక్క నాణెం ఇవ్వకపోయినా పంట లెక్క అప్పును తీరుస్తుంది. పదమూడవ శతాబ్దిలో మితాక్షరను విజ్ఞానేశ్వరీయముగా తెలుగు పద్యంలోకి తెచ్చిన మూలఘటిక కేతన వల్ల ఈ వ్యవహార సంప్రదాయం తెలుగువారికి సొంత భాషలోనూ అందింది. గ్రామంలో అది ఎంతమేరకు అమలైందనేది వేరే ప్రశ్న. మొత్తానికి ఒక హద్దు ఉండాలన్న భావన శాస్త్రంలో స్పష్టంగా ఉందన్నదే ఇక్కడ ముఖ్యం.

3. లెక్క చెప్పనక్కరలేని అప్పు: 1855–1882

1855 నాటి 28వ చట్టం వడ్డీ పరిమితులను రద్దు చేసింది. ఒప్పందంలో రాసుకున్న వడ్డీనే న్యాయస్థానం డిక్రీ చేయాలి. బొంబాయి రాష్ట్రంలో, కలకత్తా నగరంలో హిందువుల మధ్య అప్పులకు ద్విగుణ నియమం ‘దాందుపట్’ పేరుతో నిలిచింది. అదైనా ఒకేసారి రాబట్టగల వడ్డీకి హద్దే తప్ప, ఏళ్ల తరబడి చెల్లించిన వడ్డీ మొత్తానికి హద్దు కాదు. క్షయాధికీ దాందుపట్‌కూ ఉన్న ఈ భేదాన్ని గుర్తించకపోతే తర్వాతి చరిత్ర అర్థం కాదు. మద్రాసు రాష్ట్రంలో ఆ మాత్రపు రక్షణకు కూడా చోటు దక్కలేదు.

షరతు విక్రయం సంగతి మరీ కఠినం. గడువులోగా సొమ్ము చెల్లించకపోతే తనఖాయే క్రయంగా మారిపోతుందని దస్తావేజులో రాసుకునేవారు. గడువు దాటినా విమోచన హక్కు ఉంటుందని మద్రాసు న్యాయస్థానాలు కొన్నేళ్లు ఇంగ్లీషు ఈక్విటీ సూత్రాన్ని అనుసరించి తీర్పులిచ్చాయి. 1870లో పట్టాభిరామయ్యర్ – వెంకటరావు నాయకర్ వ్యాజ్యంలో ప్రీవీ కౌన్సిలు దాన్ని తప్పుపట్టి, రాసుకున్న షరతే అమలు కావాలంది. అప్పటికే మద్రాసు తీర్పులను నమ్మి వ్యవహారాలు నడిపినవారి గతి ఏమిటన్న ప్రశ్న 1875 నాటికి మళ్లీ అదే కౌన్సిలు ముందుకు వచ్చింది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 60వ సెక్షనుతో విమోచన హక్కు శాసనబద్ధమైంది.

అదే చట్టంలోని 76, 77 సెక్షన్లు మన విషయానికి మరింత దగ్గరివి. తనఖా భూమిని స్వాధీనంలో ఉంచుకున్న రుణదాత రాబడికీ ఖర్చుకూ స్పష్టమైన, పూర్తి లెక్కలు రాయాలని 76వ సెక్షను ఆదేశించింది. రాబడిని వడ్డీ కింద జమకట్టుకోవడానికి ఒప్పందం ఉంటే ఆ లెక్క అవసరం లేదని 77వ సెక్షను మినహాయించింది. భోగ్యం దస్తావేజులలో సర్వసాధారణంగా ఉండే షరతు సరిగ్గా అదే: ‘ఫలసాయం వడ్డీకి చెల్లు’. ఒక చేత్తో ఇచ్చిన లెక్కను చట్టం రెండో చేత్తో తీసేసుకుంది. పంట ఎంత పండినా, ధర ఎంత పెరిగినా అసలు అణా పైసలతో సహా అలాగే నిలిచి ఉండేది. దస్తావేజులో వడ్డీ రేటు అనేదే కనిపించని ఈ అప్పు ఖరీదు ఎంతో రైతుకు ఎప్పటికీ తెలిసేది కాదు. రుణదాతకు తెలిసినా చెప్పవలసిన పని లేదు.

4. 1938, 1948: మొత్తాన్ని మళ్లీ లెక్కించిన శాసనాలు

ఆర్థిక మాంద్యంలో ధాన్యం ధరలు పడిపోవడంతో పాత అప్పుల భారం తెలుగు జిల్లాలలో భరింపరానిదైంది. రాజగోపాలాచారి మంత్రివర్గం తెచ్చిన 1938 నాటి మద్రాసు వ్యవసాయదారుల రుణ విమోచన చట్టం (4వ చట్టం) దీనికి స్పందన. కొత్త అప్పులకు ఏడాదికి 6¼ శాతం బారువడ్డీని అది హద్దుగా పెట్టింది. ఈ బేసి భిన్నం పాత నాణేల లెక్క నుంచి పుట్టింది. రూపాయికి ఏడాదికి అణా, లేదా నెలకు ఒక పైస. రూపాయికి 192 పైసలు కనుక 192కి 12. ప్రతి రైతూ వేళ్ల మీద లెక్కించుకోగల రేటు అది.

రేటు కన్నా 8వ సెక్షను చారిత్రకంగా ముఖ్యమైనది. 1932 అక్టోబరు 1కి ముందు చేసిన అప్పులపై 1937 అక్టోబరు 1 నాటికి నిలిచి ఉన్న వడ్డీ అంతా రద్దయింది. అంతే కాదు, వ్యవసాయదారుడు అసలు కిందనో వడ్డీ కిందనో రెండింటి కిందనో అప్పటికే అసలుకు రెట్టింపు చెల్లించి ఉంటే, అసలుతో సహా అప్పు పూర్తిగా తీరినట్లే. రెట్టింపుకు తక్కువైతే, ఆ తరుగో మిగిలిన అసలో, ఏది తక్కువైతే అది చెల్లిస్తే చాలు. ఇది దాందుపట్ కాదు. ఒకనాటి బాకీని కాక, దశాబ్దాల చెల్లింపులన్నిటినీ కూడి చూసే నియమం. పోలిక క్షయాధితోనే కుదురుతుంది. శాసనకర్తలు స్మృతిని చూసి రాశారని నేను అనడం లేదు. ఒకే ప్రశ్న రెండు కాలాలలో ఒకే సమాధానాన్ని రాబట్టిందని మాత్రం చెప్పవచ్చు. న్యాయస్థానం ముందు సాక్ష్యంగా నిలిచినవి పత్రం వెనుక వేసిన చెల్లులు. చెల్లు వేయించుకోని రైతుకు చట్టం ఇచ్చిన మేలు కాగితం మీదనే మిగిలింది.

వడ్డీ రేటు రాయని భోగ్యాలను 10వ సెక్షను మొదట ఈ చట్టం నుంచి మినహాయించింది. లెక్క లేని అప్పు మరోసారి లెక్కకు దొరకలేదు. పదేళ్ల తర్వాత, 1948 నాటి 23వ సవరణ చట్టం 9ఏ సెక్షనును చేర్చింది. రుణదాత మొత్తం 30 ఏళ్లు స్వాధీనంలో ఉంటే భోగ్యం అప్పు తీరినట్లే అన్నది అందులోని ముఖ్యాంశం. పంటను కొలవడం సాధ్యం కాని చోట శాసనం కాలాన్ని కొలిచింది. 2014లో సుప్రీంకోర్టు, భోగ్యం తనఖాలో విమోచనకు కాలదోషం దస్తావేజు తేదీ నుంచి మొదలు కాదని తేల్చినప్పుడు, ఫలభోగ్యం నశించదన్న పాత మాట కొత్త భాషలో మళ్లీ వినిపించింది.

5. స్వాధీనం తారుమారు: గృహరుణం

నేటి గృహరుణంలో ఇంటి స్వాధీనం రుణగ్రస్తుడిదే. బ్యాంకు దగ్గర ఉండేవి దస్తావేజులు. హక్కుపత్రాల దాఖలుతో ఏర్పడే ఈ తనఖాను 1882 చట్టం మొదట కలకత్తా, మద్రాసు, బొంబాయి, కరాచీ, రంగూన్ వంటి వాణిజ్య నగరాలకే అనుమతించింది. తర్వాత ప్రభుత్వ ప్రకటనల ద్వారా ఇతర పట్టణాలకు విస్తరించింది. దీర్ఘకాలిక రుణాన్ని సమాన కిస్తీలుగా తీర్చే పద్ధతి 1929లో ఏర్పడిన మద్రాసు కేంద్ర భూతనఖా బ్యాంకు వల్ల రైతులకు పరిచయమైంది. పట్టణ మధ్యతరగతికి అది 1977లో స్థాపితమైన హెచ్‌డీఎఫ్‌సీతోనూ, 1988లో ఏర్పడిన జాతీయ గృహనిర్మాణ బ్యాంకు వెన్నుదన్నుతోనూ అందుబాటులోకి వచ్చింది.

సమాన వాయిదా గొప్ప సౌకర్యం. జీతగాడు నెలకు ఎంత కట్టగలడో చూసుకుంటే చాలు. ఆ సౌకర్యంలోనే మొత్తం కనుమరుగవుతుంది. 50 లక్షల అప్పు, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు అనుకుందాం. నెల వాయిదా రూ. 43,391. మొదటి వాయిదాలో వడ్డీ రూ. 35,417, అసలుకు జమ అయ్యేది రూ. 7,974. ఐదేళ్లలో చెల్లించేది 26 లక్షలు దాటుతుంది, అసలు తగ్గేది ఆరు లక్షలకు లోపే. మొత్తం చెల్లింపు సుమారు 1 కోటి 4 లక్షలు. అసలు కన్నా వడ్డీ ముద్దని మనవాళ్లు మనుమల గురించి అంటారు. ఇక్కడ వడ్డీ అసలును నిజంగానే మించిపోయింది.

ఈ అప్పుకు 1938 నాటి 8వ సెక్షనును ఊహామాత్రంగా వర్తింపజేసి చూద్దాం. 231వ వాయిదాతో చెల్లింపు రెట్టింపు దాటుతుంది. మిగిలేవి తొమ్మిది వాయిదాలే. తేడా స్వల్పం. అదే అప్పును 30 ఏళ్లకు తీసుకుంటే నెల వాయిదా రూ. 38,446కు తగ్గుతుంది, అంటే సుమారు ఐదు వేల ఊరట. 261వ వాయిదాతో అసలుకు రెట్టింపు చెల్లిపోతుంది. ఆనాటికి ఇంకా 99 వాయిదాలు, 27 లక్షలకు పైబడిన బాకీ మిగిలే ఉంటాయి. మొత్తం 1 కోటి 38 లక్షలు. స్మృతి చెప్పిన 15 శాతం కన్నా ఎంతో తక్కువైన రేటు, స్మృతి హద్దును ఇంత దూరం దాటడానికి కారణం గడువే.

ఇక్కడ ఒక అభ్యంతరం న్యాయమైనది. ఇరవై ఏళ్ల తర్వాతి రూపాయి నేటి రూపాయి కాదు. ద్రవ్యోల్బణం రుణగ్రస్తుడికి అనుకూలంగా పనిచేస్తుంది. ఇంట్లో ఉంటూ అద్దె మిగుల్చుకుంటాడు. కనుక రెట్టింపు దాటిన ప్రతి అప్పూ దోపిడీ అనడం అర్థశాస్త్రం కాదు. భోగ్యం రైతుకు లేని లాభం, ఆస్తిని అనుభవించే లాభం, ఇతనికి ఉంది. అయినా రుణగ్రస్తుడి జీతం ద్రవ్యోల్బణంతో పాటు పెరుగుతుందన్న హామీ ఏ ఒప్పందంలోనూ ఉండదు. మొత్తం తెలిస్తే తప్ప ఈ బేరీజు వేసుకోవడమే సాధ్యం కాదు.

6. గడువు ఎవరి చేతిలో

చలన వడ్డీ వచ్చాక చిక్కు మరింత పెరిగింది. రేటు పెరిగినప్పుడు వాయిదాను పెంచకుండా గడువును పొడిగించడం రుణసంస్థల వాడుక. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రెపో రేటు 4 నుంచి 6.5 శాతానికి చేరింది. 6.75 శాతానికి 20 ఏళ్ల గడువుతో 50 లక్షలు తీసుకున్న వ్యక్తి వాయిదా రూ. 38,018. బాకీ 49 లక్షలుండగా అతని రేటు 9.25 శాతమైతే నెల వడ్డీయే రూ. 37,771. అసలుకు జమ అయ్యేది రూ. 247. వాయిదా మారకుంటే ఈ అప్పు తీరడానికి యాభై ఏళ్లు దాటుతుంది. బాకీ ఇంకాస్త ఎక్కువైతే వాయిదా వడ్డీకే చాలక అసలు పెరగడం మొదలవుతుంది. నెలనెలా కట్టే సొమ్ములో మార్పు లేనందున ఇంట్లో ఎవరికీ ఏమీ జరిగినట్లు అనిపించదు. అసలు కదలక, ఫలసాయమంతా వడ్డీకి చెల్లిపోయే భోగ్యం స్థితికి ఇది ఎంతో దగ్గరగా ఉంది.

2023 ఆగస్టు 18 నాటి రిజర్వు బ్యాంకు ఆదేశం ఈ పరిస్థితిని ఉద్దేశించినదే. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకోవాలో, గడువు పొడిగించుకోవాలో, స్థిర వడ్డీకి మారాలో ఎంచుకునే అవకాశం రుణగ్రస్తుడికి ఇవ్వాలని 2023లో అది కోరింది. గడువు పొడిగింపు వల్ల అసలు పెరిగే స్థితి రాకూడదు. 2024 అక్టోబరు నుంచి ప్రతి రిటైలు రుణానికి వార్షిక మొత్తం వ్యయాన్నీ చెల్లింపుల పట్టికనూ చూపే ముఖ్యాంశాల పత్రం తప్పనిసరి అయింది. చలన వడ్డీ అప్పుకు ఆ పట్టిక మొదటి రోజు రేటును బట్టి వేసిన అంచనా మాత్రమే. తర్వాతి మార్పులను పట్టుకునేది 2023 ఆదేశం కోరిన మూడు నెలలకొకసారి నివేదిక. ఇప్పటివరకు అసలు కింద ఎంత, వడ్డీ కింద ఎంత ముట్టిందో, ఇంకా ఎన్ని వాయిదాలు మిగిలాయో అందులో ఉండాలి. 1938లో న్యాయాధికారి రైతు పత్రం తిరగేసి కూడిన లెక్క కూడా అదే. అప్పట్లో ఆ కూడిక అసలుకు రెట్టింపైతే అప్పు రద్దయ్యేది. ఇప్పటి నివేదికలో అది ఒక వరుసలో అచ్చై, వాయిదాలు యథాప్రకారం కొనసాగుతాయి.