బెర్లిన్ బెంజమిన్ ముచ్చట

పొద్దుగాల్ల ఫోన్ల చూసిన వార్త మాపటికి యాదికుంటదారా మీకు? ఉండదు. ఎందుకుండదో ఒకాయన 1936లనే రాసిపెట్టిండు. వార్త వచ్చేటప్పుడే దాని కారణం, దాని అర్థం అన్నీ ఎంటేసుకొనే వస్తది. మనం ఆలోచించేటందుకు ఏం మిగల్చదు. ఆ దినం పుడ్తది, ఆ దినమే పాతబడ్తది. కథ అట్ల గాదు. కొంత చెప్తది, కొంత లోపట దాసుకుంటది, అందుకే వేల ఏండ్లు బతుకుతది అన్నడు. ఆయన పేరు వాల్టర్ బెంజమిన్. బెర్లిన్ల పుట్టిన యూదుల బిడ్డ. ఆ మంటల ఇంకో మొద్దు వెయ్యిండ్రి, ముచ్చట జర పొడుగున్నది.

తన మాట ఒప్పించేటందుకు ఆయన ఒక పాత కథ ఎత్తుకున్నడు. గ్రీకు దేశపు హెరొడోటస్ రాసింది. ఈజిప్టు రాజు సామెనిటస్, పర్షియా రాజు కాంబైసిస్ చేతిల ఓడిపోయిండు. ఓడినోని పరువు నలుగుట్ల తియ్యాల్నని, గెలిచినోడు రాజును తొవ్వ పక్కన నిలబెట్టిండు. కన్నబిడ్డ దాసిదై, కుండ పట్టుకొని నీళ్లకు పోతున్నది. చూసినోళ్లంత గొల్లుమన్నరు. రాజు నేల దిక్కు చూసుకుంట నిలబడ్డడు. ఎనుక కొడుకును చంపతందుకు తీస్కపోతున్నరు. అప్పుడు గూడ కదల్లే. ఆఖరికి ఖైదీల వరుసల తన దగ్గర పనిజేసిన ముసలాయన ఒకడు కనబడ్డడు. ఇగ చూడు, రెండు పిడికిళ్లతోటి తల బాదుకొని ఏడ్చిండు.

ఎందుకేడ్చిండో మీరే చెప్పుండ్రి. మోంటెయిన్ అనే ఫ్రెంచాయన, దుఃఖం అప్పటికే నిండుకొని ఉన్నది, ఇంకింత పడంగనే కట్ట తెగింది అన్నడు. బెంజమిన్ ఇంకో రెండుమూడు కారణాలు చెప్పి, హెరొడోటస్ మాత్రం ఏ కారణం చెప్పలే, అందుకే ఆ కథ ఇప్పటికీ మనల్ని పట్టుకుంటది అన్నడు.

ఇక్కడ ఒక తమాషా ఉన్నది. హెరొడోటస్ పుస్తకం తీసి చూస్తే, అండ్ల రాజే కారణం చెప్తడు! ముసలాయన నౌకరు గూడ గాదు, రాజుతోటి కూసొని తాగిన దోస్తు, ఉన్నదంత పోయి ఫౌజు దగ్గర అడుక్కుంటున్నడు. కాంబైసిస్ మనిషిని పంపి అడిగిపిస్తే, నా ఇంటి కష్టం ఏడుపుకు అందేది గాదు, దోస్తు కష్టానికి కన్నీళ్లు తగుతయి అన్నట్టు జవాబిచ్చిండు. బెంజమిన్ చెప్పిన కథల ఈ జవాబే లేదు. పండితులు దీన్ని పొరపాటంటరేమో. నాకైతే ఈ మనిషి కథ చెప్పుకునేటోళ్ల కులంల కలిసిండనిపిస్తది. వాళ్లు తమ చెయ్యి పెట్టకుండ ఏ కథనూ వదలరు.

ఈ ముచ్చట్లన్నీ ఉన్న ఆయన వ్యాసం పేరు ‘కథకుడు’. లెస్కోవ్ అనే రష్యా రచయిత మీద రాసింది. కథ చెప్పేటోళ్లు రెండు తీర్లు అంటడు అండ్ల. ఊర్లెనే ఉండి ఎవుసం చేసుకుంట పాత సంగతులన్నీ ఎరిగినోడు ఒకడు, ఓడెక్కి దేశాలు తిరిగొచ్చినోడు ఇంకొకడు. నేనిది చదివినప్పుడు మన ఊర్లె బొంబాయి మిల్లుల నుంచి సెలవుకొచ్చినోళ్ల చుట్టు జనం మూగుడు యాదికొచ్చింది. సరే, ఈ చెప్పుడు ఎందుకు ఆగిపోయిందంటే, 1914 యుద్ధం దిక్కు ఏలు చూపెట్టిండు. ఫౌజుకు పోయినోళ్లు వాపసొచ్చి ముచ్చట్లు చెప్తరనుకుంటే, నోరు పడిపోయి వచ్చిండ్రు అన్నడు. యుద్ధం ఆయన ఇంటి తలుపు గూడ తట్టింది. అది మొదలైన కొన్ని దినాలకే ఆయన ప్రాణమిత్రుడు, హైన్లె అనే పడుచు కవి, తన జతగత్తెతోటి గ్యాసు విడిచిపెట్టుకొని సచ్చిపోయిండు.

పుట్టుడైతే ఉన్నోళ్ల ఇంట్లనే పుట్టిండు, 1892ల. తండ్రి పాత కళావస్తువుల వేలం వ్యాపారంల ఉన్నడు. కొడుకు బెర్న్‌ల డాక్టరేట్ చేసి, ప్రొఫెసర్ కొలువు కోసం జర్మన్ శోకనాటకాల మీద పెద్ద గ్రంథం రాసి ఫ్రాంక్‌ఫర్ట్ యూనివర్సిటీకి పెట్టుకున్నడు. ఒక్క ముక్క అర్థంగాలేదని పెద్దలు చేతులెత్తేసిండ్రు. 1925ల తనే వాపసు తీసుకోవలసి వచ్చింది. ఇగ అక్కడ నుంచి కలం మీదనే బతుకు. పేపర్లకు రాసిండు, ప్రూస్ట్ అనే ఫ్రెంచి రచయితను జర్మన్ల పెట్టిండు, రేడియోల మాట్లాడిండు.

ఆ రేడియో సంగతి నాకు ఇష్టం. 1927 నుంచి 1933 దాంక బెర్లిన్, ఫ్రాంక్‌ఫర్ట్ స్టేషన్లల ఎనబైకి పైగ ప్రసంగాలు, అండ్ల శానా పిల్లల కోసం. ఏం చెప్పిండనుకుంటరు? 1755ల లిస్బన్ పట్నాన్ని మింగిన భూకంపం, మిసిసిపీ వరద, మంత్రగత్తెలని ఆడోళ్లను కాల్చిన కాలం, బెర్లిన్ సందుల జనం మాట్లాడే యాస, బొమ్మల దుకాండ్లు. పెద్దోళ్లకు కొరుకుడు పడని మనిషి పిల్లలకు అరటిపండు ఒలిచిపెట్టినట్టు చెప్పిండు. తను మాత్రం అవన్నీ పొట్టకూటి పనులని తీసిపారేసిండు. ఆయన గొంతు ఒక్క రికార్డుల గూడ మిగల్లే. 1933 జనవరి 29న ఆఖరుసారి మాట్లాడిండు. తెల్లారి హిట్లర్ గద్దెనెక్కిండు.

మార్చిల దేశం విడిచి పారిస్ చేరిండు. కిరాయి ఖోలీలు మారుకుంట, న్యూయార్క్ నుంచి తత్వవేత్తలు అడోర్నో, హోర్క్‌హైమర్ వాళ్ల సంస్థ పంపే పైసలతోటి, నేషనల్ లైబ్రరీల కూసొని పందొమ్మిదో శతాబ్దపు పారిస్ మీద నోట్సు రాసుకుంట పోయిండు. గాజు కప్పు కింద దుకాండ్ల వరుసలు, ఆ బజార్ల తిరుగుడు, ఫ్యాషన్లు, గ్యాసు దీపాలు, అన్నీ. దేశం విడవక ముందే మొదలుపెట్టి మొత్తం పదమూడేండ్లు రాసినా పుస్తకం తయారుగాలే. ఫొటో, సినిమా వచ్చినంక కళ ఏమైతదన్న వ్యాసం గూడ అప్పటిదే. అసలు బొమ్మ ఉన్న చోట, ఉన్న ఒక్కతనంల ఒక తేజస్సు ఉంటది, నకళ్లు వేలుగ దిగితే అది మాసిపోతది అన్నడు. అంతమాత్రాన పాతకాలం కోసం ఏడ్చేటోడని ఆయన్ను అనుకోకుండ్రి. సినిమా జనం చేతికొచ్చే పనిముట్టని గూడ ఆశపడ్డడు. అడోర్నోకు ఆ ఆశ నచ్చలే. నాకూ ఇప్పటి తెరలు చూస్తే అడోర్నో దిక్కే మొగ్గబుద్ధి అయితది.

1939ల ఫ్రాన్స్ ప్రభుత్వమే, జర్మనోడివని, నెవెర్ దగ్గర క్యాంపుల పెట్టింది. విడిచిపెట్టినంక చరిత్ర మీద చిన్న చిన్న పేరాలు రాసిండు. తను 1921ల కొనుక్కున్న, పౌల్ క్లే గీసిన బొమ్మల ఒక దేవదూత ఉంటది. అది వెనక కూలిన గుట్టల దిక్కు చూసుకుంట, గాలి తోస్తుంటే ముందుకు వీపు పెట్టి పోతున్నది, ఆ గాలినే మనం ప్రగతి అంటున్నం అని అండ్ల రాసిండు.

1940 జూన్‌ల హిట్లర్ ఫౌజు పారిస్ దిక్కు వస్తుంటే పారిపోయిండు. అమెరికా వీసా దొరికింది గని, ఫ్రాన్స్ దాటి పోతందుకు ఆ దేశం కాగితం ఇయ్యలే. సెప్టెంబర్ల లీజా ఫిట్కో అనే ఆమె పిరనీస్ గుట్టల దొంగతొవ్వల తీస్కపోయింది. గుండె జబ్బు మనిషి. గడియారం చూసుకుంట పది నిమిషాలు నడుసుడు, ఒక నిమిషం ఆగుడు. చేతిల నల్లటి బరువు సంచి, అండ్ల రాతప్రతి ఉన్నదట, నా ప్రాణం కంటె అదే ముఖ్యం అన్నడని ఆమె రాసుకున్నది. తొవ్వ చూసొద్దామని ముందటి దినం పోయినప్పుడు, మళ్ల దిగి ఎక్కుడు తనతోటి గాదని ఒక్కడే ఆ రాత్రి గుట్ట మీదనే పండుకున్నడు.

స్పెయిన్ సరిహద్దుల పోర్ట్‌బౌ చేరితే, ఫ్రాన్స్ కాగితం లేనోళ్లను రేపు వాపసు పంపుతమన్నరు పోలీసులు. ఆ రాత్రి హోటల్ ఖోలీల మార్ఫిన్ గోళీలు మింగిండు. నలబై ఎనిమిదేండ్లు. ఎంట వచ్చినోళ్లను మాత్రం పోనిచ్చిండ్రు. పేరు తిప్పి రాసుకొని, క్రైస్తవుడనుకొని, కాథలిక్కుల శ్మశానంల ఐదేండ్ల కిరాయికి జాగా ఇచ్చిండ్రు. కొన్ని నెలలకు ఆయన దోస్తు హన్నా ఆరెంట్ పోయి చూస్తే ఆయన పేరు ఏడ గూడ లేదు. ఆయన దగ్గరున్న సామాన్ల జాబితాల తోలు సంచి, గడియారం, చిలుము, ఫొటోలు, కొన్ని కాగితాలు ఉన్నయి. సంచి మళ్ల ఎవ్వరికి దొరకలే.

గని ఇతరుల చేతిల పెట్టినయి మిగిలినయి చూడుండ్రి. పారిస్ నోట్సు, నేషనల్ లైబ్రరీల పనిజేసే జార్జ్ బతాయ్ ఆడనే దాసిపెట్టిండు, అది 1982ల అచ్చయింది. చరిత్ర పేరాలు ఆరెంట్ మార్సెయ్‌ల తీసుకొని, సముద్రం దాటించి న్యూయార్క్ చేర్చింది. ఇగ ఆ రేడియో కాగితాలు పారిస్ ఇంట్ల వదిలేస్తే హిట్లర్ పోలీసులు, గెస్టాపో, పట్టుకపోయింది. అవి ఎట్లనో రష్యా చేరి, ఆడికెళ్లి తూర్పు జర్మనీకొచ్చి, పిల్లల ప్రసంగాలు 1985ల పుస్తకమైనయి. లిస్బన్ భూకంపం అండ్లనే ఉన్నది. అది రేపు చెప్త.