తెరచాప కొయ్యకు వారెంటు

సముద్ర వాణిజ్య వివాదాలను విచారించే అడ్మిరాల్టీ న్యాయంలో దావాను ఓడ యజమాని మీద కాక నేరుగా ఓడ మీదనే వేయవచ్చు. అప్పుడు మొదటి ప్రతివాది స్థానంలో ఓడ పేరే ఉంటుంది. అరెస్టు వారెంటును పూర్వం తెరచాప కొయ్యకు తగిలించేవారు. యజమాని పూచీకత్తు ఇస్తే ఓడకు విడుదల, ఇవ్వకపోతే వేలం. వస్తువునే ప్రతివాదిగా నిలబెట్టే ఈ దావాను లాటిన్ మాటతో ‘ఇన్ రెమ్’ అంటారు.

అమెరికా న్యాయకోవిదుడు ఆలివర్ వెండెల్ హోమ్స్ 1881 నాటి ‘ది కామన్ లా’ గ్రంథంలో, మనిషి చావుకు కారణమైన ఎద్దునో బండినో దోషిగా ఎంచే ప్రాచీన ఆచారంతో ఈ వింతను ముడిపెట్టాడు. ‘డియోడాండ్’ అనే పేరుతో ఆ ఆచారం ఇంగ్లండులో 1846 దాకా చట్టబద్ధంగానే బతికింది. కథగా ఇది అందమైనదే గాని, చరిత్రకారులు పలువురు చూపే కారణం ఇంతకంటే లౌకికమైనది: అధికారం కోసం, దానితోపాటు వచ్చే రుసుముల కోసం రెండు రకాల న్యాయస్థానాల మధ్య సాగిన పోరు.

ఇంగ్లండులోని అడ్మిరాల్టీ కోర్టులో రోమన్ న్యాయం చదివిన పండితులు ఉండేవారు. ఐరోపా రేవులన్నిటా వర్తకులు ఎరిగిన ఆచారాలే అక్కడ ప్రమాణం. స్వదేశీ సంప్రదాయాన్ని అనుసరించే కామన్ లా కోర్టులకు ఇది మొదటినుంచీ కంటగింపే. రెండవ రిచర్డ్ కాలంలో 1389లోనూ 1391లోనూ వచ్చిన శాసనాలు దాని అధికారాన్ని సముద్రం మీద జరిగిన వ్యవహారాలకే పరిమితం చేశాయి. 16వ శతాబ్దంలో ఆ కోర్టు మళ్లీ పుంజుకున్నప్పుడు, ప్రతివాదిని గాని, చేతికందిన అతని సొత్తును గాని పట్టుకొని, పూచీకత్తు వచ్చేదాకా నిలిపి ఉంచేది. అంటే అప్పటి అరెస్టు రేపో మాపో రేవు దాటిపోయే వర్తకుణ్ణి కోర్టుకు రప్పించే ఉపాయమే గాని, ఓడలో దోషాన్ని వెదకడం కాదు. 17వ శతాబ్దం ఆరంభంలో ప్రధాన న్యాయమూర్తి ఎడ్వర్డ్ కోక్, ఆయన సహచరులు నిషేధాజ్ఞల మీద నిషేధాజ్ఞలు జారీచేసి అడ్మిరాల్టీ విచారణలను ఆపించారు. విదేశీ రేవులో కుదిరిన ఒప్పందాన్ని తామే విచారించడానికి, ఆ రేవు లండన్ నగరంలోని చీప్ వార్డులో ఉన్నదని వాది రాస్తే చాలుననీ, ప్రతివాది దాన్ని కాదనరాదనీ తీర్మానించారు. సముద్రాలకు ఆవలి పట్టణాన్ని లండన్ వీధిలోకి తెచ్చి నిలిపిన ఆ న్యాయమూర్తులే, ఓడను మనిషిగా భావించడం అసంగతమని ఎవరైనా అంటే ఏమనేవారో! ఆ పోరులో మనుషులపై పట్టు సడలిన అడ్మిరాల్టీ కోర్టుకు ఓడ మీది పట్టు మాత్రం మిగిలింది. నావికులందరూ కలిసి జీతాల కోసం ఒకే దావా వేసుకునే వీలు అక్కడే ఉండడంతో, ఆ దావాల జోలికి మాత్రం కామన్ లా కోర్టులు పోలేదు. వర్తకుల ఉమ్మడి ఆచారాలను ఎరిగిన ఒక న్యాయస్థానం ఇలా కుంచించుకుపోవడం ఇంగ్లండు వాణిజ్య న్యాయానికి తీరని నష్టమే.

పగిలిన ఓడల విషయం మరీ వింతైనది. 1275 నాటి వెస్ట్‌మినిస్టర్ శాసనం ప్రకారం, ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడ నుంచి మనిషి గాని, కుక్క గాని, పిల్లి గాని ప్రాణంతో బయటపడితే ఆ సరుకు రాజు పాలు కాదు, యజమాని ఏడాది మీద ఒక రోజు లోపల వచ్చి తీసుకోవచ్చు. దానికి సుమారు 30 ఏళ్ల ముందే, నేటి బాపట్ల జిల్లాలోని మోటుపల్లిలో కాకతీయ గణపతిదేవుడు వేయించిన 1244-45 నాటి అభయశాసనం, తుపానుకు పగిలి ఒడ్డున పడిన ఓడల సొత్తును పూర్వరాజులు బలవంతంగా తీసుకునేవారని ఒప్పుకొని, నిర్ణీత సుంకం తప్ప మిగిలినదంతా వర్తకులకే విడిచిపెట్టింది. పిల్లి బతికిందా లేదా అన్న విచారణ అక్కడ అక్కరలేదు. 1358లో రెడ్డిరాజులు కూడా మోటుపల్లి వర్తకులకు అభయమిచ్చారు. ఆ మాట రాతి మీద నిలిచింది గాని, దానిని పూర్వప్రమాణంగా ఎత్తిచూపే న్యాయస్థాన పరంపర మాత్రం తెలుగు తీరంలో ఏర్పడలేదు.

ఆ ఖాళీలోకి ఇంగ్లండు న్యాయం వచ్చింది. 1686లో మద్రాసులో ఈస్టిండియా కంపెనీ అడ్మిరాల్టీ కోర్టు వెలసింది; 1862లో హైకోర్టు ఏర్పడ్డాక అడ్మిరాల్టీ అధికారం దానికి దక్కింది; 1890 నాటి వలస అడ్మిరాల్టీ కోర్టుల చట్టం, ఆనాటికి ఇంగ్లండు హైకోర్టుకు ఎంత అధికారం ఉన్నదో అంతే ఇక్కడా ఇచ్చింది. ఆ తరువాత ఇంగ్లండు తన చట్టాన్ని 1920లోనూ 1956లోనూ విస్తరించుకున్నా, భారతదేశంలో గీత గీసినచోటే ఉండిపోయింది.

ఆ గీత విశాఖపట్నంలో పరీక్షకు వచ్చింది. ‘ఎం.వి. ఎలిసబెత్’ అనే విదేశీ ఓడ, సరుకు అందినట్టు రాసి ఇచ్చే బిల్ ఆఫ్ లేడింగ్ ఇవ్వకుండానే 1984 ఫిబ్రవరిలో గోవాలోని మార్మగోవా రేవు వదిలి, ఎగుమతిదారు ఆదేశానికి విరుద్ధంగా సరుకును రస్ అల్ ఖైమాలో దించేసిందన్నది ఫిర్యాదు. ఏప్రిల్ 13న అది విశాఖ రేవులోకి రాగానే ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఉత్తర్వుతో అరెస్టయింది, 14,25,000 రూపాయల పూచీకత్తు మీద విడుదలైంది. మద్రాసు హైకోర్టు నుంచి వారసత్వంగా వచ్చిన అధికారం 1861 నాటి ఇంగ్లండు చట్టానికి లోబడినదేననీ, అందులో ఉన్నది రేవులోకి వచ్చే సరుకు గురించే గాని వెళ్లిపోయే సరుకు గురించి కాదనీ యజమానులు వాదించారు. పాత అక్షరాన్ని బట్టి చూస్తే ఆ వాదన తెలివైనదే. సుప్రీంకోర్టు 1992 ఫిబ్రవరి 26న దాన్ని తోసిపుచ్చింది. భారత హైకోర్టులకు సహజసిద్ధమైన సంపూర్ణాధికారం ఉన్నదనీ, దాన్ని వలస చట్టం హద్దుల్లో బంధించలేమనీ న్యాయమూర్తి టి. కొచ్చు థొమ్మెన్ తన తీర్పులో నిర్ణయించారు, న్యాయమూర్తి ఆర్.ఎం. సహాయ్ ఏకీభవించారు.

సొంత చట్టానికి మరో పాతికేళ్లు పట్టింది. 2017లో ఆమోదం పొంది 2018 ఏప్రిల్ 1న అమల్లోకి వచ్చిన అడ్మిరాల్టీ చట్టం పాత వలస చట్టాలను రద్దుచేసింది, ఓడ మీది సముద్ర బకాయిల హక్కుల్లో నావికుల జీతాలకు మొదటి స్థానం ఇచ్చింది, ఈ అధికారం గల ఎనిమిది హైకోర్టులను పేర్కొంది. రెండు తెలుగు రాష్ట్రాలకు అప్పటికి ఉమ్మడిగా ఉన్న హైదరాబాద్ హైకోర్టు వాటిలో ఒకటి. తొమ్మిది నెలలకే, 2019 జనవరి 1న, అది రెండుగా విడిపోయి, తీరం, రేవులు అమరావతి హైకోర్టు పరిధిలోకి వెళ్లాయి.